పట్టుబడిన బండి: వాహనముల విడుదలలో జాప్యమునకు న్యాయస్థానములు చూపు మార్గములు

పూర్వము పైరులో పడిన పశువును పట్టి బందెలదొడ్డికి తోలెడివారు. యజమాని బందె సొమ్ము చెల్లించి విడిపించుకొని పోయెడివాడు. ఈ పద్ధతికి 1871వ సంవత్సరపు పశువుల అతిక్రమణ చట్టము శాసనరూపము నిచ్చినది. ఆ చట్టమున గమనింపదగిన అంశములు మూడు కలవు. దొడ్డి కాపరి పశువునకు మేతయు నీరును పెట్టవలెను. పశువును అన్యాయముగా పట్టిరని తలచిన యజమాని పది దినములలో మెజిస్ట్రేటునకు ఫిర్యాదు చేసికొనవచ్చును. ఫిర్యాదు నిజమని తేలినచో 100 రూపాయలకు మించని నష్టపరిహారమును పొందవచ్చును. నోరులేని పశువు విషయమున శాసనకర్తలు ఇంత ఆలోచించిరి. మరి నేడు అధికారులు పట్టి ఠాణా ఆవరణలో నిలిపిన లారీ, ట్రాక్టరు, మోటారు సైకిలు విషయమున శాసనము ఏమి చెప్పుచున్నది? విడుదల ఉత్తరువు నెలల తరబడి రానిచో యజమాని ఎవరి ద్వారము తట్టవలెను? ఈ ప్రశ్నలకు సమాధానము చెప్పుటయే ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

వేలూరు, గుడియాత్తము ప్రాంతముల తెలుగువారికి ఈ విషయము ఊరక తెలిసికొనవలసిన విజ్ఞానము మాత్రమే కాదు. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడువరకు చిత్తూరు, పలమనేరు, గుడియాత్తము, వేలూరు అన్నియు ఉత్తర ఆర్కాటు జిల్లాలోనివే. పాలన విడిపోయినను బంధుత్వములు, వర్తకములు విడిపోలేదు. గుడియాత్తపు లుంగీలు, అగ్గిపెట్టెలు ఒకవైపునకు, పలమనేరు వైపు కూరగాయలు మరియొకవైపునకు బండ్లపై సాగుచునే యున్నవి. పరదరామి మీదుగాను, క్రిస్టియన్‌పేట మీదుగాను రాష్ట్రపు ఎల్ల దాటు బండి, రెండు ప్రభుత్వముల అధికారుల కన్నుల ఎదుట సాగు బండి. దానిని నిలుపుటకు కారణములు అనేకములు: పత్రముల లోపము, ప్రమాదము, చౌక దుకాణపు బియ్యము, ఇసుక, సారాయి, ఎఱ్ఱచందనము, పన్ను బిల్లులోని పొరపాటు. వీనిలో కొన్ని ఘోరమైన నేరములు, కొన్ని స్వల్పమైన తప్పులు. కాని బండి ఆవరణలో నిలిచిన తరువాత అన్నిటి గతి యొకటియే. ఎండకు టైర్లు చీలును, వానకు ఇనుము త్రుప్పు పట్టును, బ్యాటరీ చచ్చును, భీమా గడువు తీరును. ఫైనాన్సు కంపెనీ వాయిదా మాత్రము ఆగదు. బండి యొక్కటే జీవనాధారముగా గల కుటుంబమునకు ఆలస్యమే శిక్షయగును. అదియు విచారణకు ముందే పడిన శిక్ష.

పట్టివేత వేఱు, జప్తు వేఱు

మొదట రెండు మాటలను వేఱుపఱచి చూడవలెను. అధికారి బండిని తన వశము చేసికొనుట పట్టివేత. ఇది తాత్కాలికము, సొత్తుపై యజమాని హక్కును తొలగింపదు. చట్టప్రకారము నోటీసు ఇచ్చి, విచారించి, ఆ సొత్తు ప్రభుత్వపరమైనదని ఉత్తరువు చేయుట జప్తు. సామాన్యులు ఈ రెంటిని ఒకటిగా తలచి, బండి పట్టుబడగనే ఆశ వదలుకొందురు. మధ్యవర్తులు ఈ భయమునే సొమ్ము చేసికొందురు. పట్టివేతకును జప్తునకును నడుమనున్న కాలమే న్యాయస్థానములు యజమానికి తోడుపడు కాలము. రాజ్యాంగపు 300-ఎ అధికరణము ప్రకారము శాసనాధికారము లేకుండ ఎవరి ఆస్తిని తీసివేయరాదు. ఆస్తిహక్కు 1979 నుండి ప్రాథమిక హక్కు కాకపోయినను, రాజ్యాంగపు హక్కుగా నిలిచియే యున్నది.

మెజిస్ట్రేటు న్యాయస్థానము

నేరవిచారణలో పోలీసులు పట్టిన సొత్తును గూర్చి మెజిస్ట్రేటు ఉత్తరువు చేయు అధికారము క్రొత్తది కాదు. 1898 నాటి క్రిమినల్ ప్రొసీజరు కోడులో 523వ సెక్షను ఉండెను. విచారణ ముగియువరకు సొత్తును భద్రపఱచు విషయమై 516-ఎ సెక్షను 1923లో చేరినది. 1973 నాటి కోడులో ఇవి 457, 451 సెక్షనులుగా మారినవి. 2024 జులై 1వ తేదీ నుండి అమలులోనికి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితలో వీని స్థానమున 503, 497 సెక్షనులు కలవు. పేర్లు మారినను మూలసూత్రము మారలేదు. సొత్తు పట్టిన పోలీసు అధికారి ఆ సంగతిని మెజిస్ట్రేటునకు తెలుపవలెను. మెజిస్ట్రేటు ఆ సొత్తును దానిని పొందుటకు అర్హుడైన వానికి, తగిన షరతులతో, అప్పగింపవచ్చును.

ఈ అధికారమును ఎట్లు వినియోగింపవలెనో సుప్రీంకోర్టు 2002 అక్టోబరు 1వ తేదీన సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో స్పష్టపఱచినది. ఆ కేసు పుట్టుకయే విచిత్రము. గుజరాతులో ఠాణాయందుంచిన సొత్తును మార్చివేసిరనియు, అపహరించిరనియు కొందఱు పోలీసు ఉద్యోగులపై వచ్చిన ఆరోపణ నుండి అది పుట్టినది. పట్టిన వాహనములను దీర్ఘకాలము ఠాణాలలో నిలిపియుంచుటవలన ఎవరికిని ప్రయోజనము లేదని న్యాయస్థానము చెప్పెను. తగిన ముచ్చలికయు, పూచీకత్తును, అవసరమైనపుడు తిరిగి హాజరుపఱచుటకు జామీనును పుచ్చుకొని, మెజిస్ట్రేటు వెంటనే తగిన ఉత్తరువు చేయవలెనని ఆదేశించెను. బండిని సాక్ష్యముగా చూపవలెను గదా యను సందేహమునకు సమాధానముగా, వివరమైన పంచనామా వ్రాసి, ఛాయాచిత్రములు తీయించి, వానిని సాక్ష్యముగా వాడుకొనవచ్చునని చెప్పెను. సొత్తు ఠాణాలో పదునైదు దినములకు, మించినచో ఒక నెలకు, మించి నిలువరాదనుట ఆ తీర్పు సారాంశము.

2002లో తీర్పుగా వెలువడిన ఈ ఆలోచనను క్రొత్త సంహిత శాసనముగా మలచినది. 497వ సెక్షను ప్రకారము సొత్తు తన ఎదుటికి వచ్చిన పదునాలుగు దినములలో మెజిస్ట్రేటు దాని వివరపట్టికను సిద్ధపఱచవలెను. ఛాయాచిత్రములు, వీడియో తీయింపవలెను. పట్టిక సిద్ధమైన పిమ్మట ముప్పది దినములలో దాని అప్పగింతను గూర్చియో, విక్రయమును గూర్చియో, జప్తును గూర్చియో ఉత్తరువు చేయవలెను. కాబట్టి నేడు గుడియాత్తములోనో వేలూరులోనో మెజిస్ట్రేటు న్యాయస్థానమున దరఖాస్తు పెట్టు యజమాని దయను యాచించుటలేదు. శాసనము విధించిన గడువును గుర్తుచేయుచున్నాడు.

దరఖాస్తుతో రిజిస్ట్రేషను పత్రము, భీమా, పర్మిటు, ఫిట్‌నెస్ పత్రము, మొదటి సమాచార నివేదిక ప్రతి, మహజరు ప్రతి జతపఱచవలెను. బండి అప్పుపై కొన్నదైనచో ఫైనాన్సు కంపెనీ అంగీకారపత్రము అడుగుట కలదు. షరతులు సాధారణముగా ఇట్లుండును: బండిని అమ్మరాదు, రూపము మార్చరాదు, పిలిచినపుడు తీసికొనిరావలెను, నిర్ణీత మొత్తమునకు ముచ్చలిక వ్రాయవలెను. దరఖాస్తును త్రోసిపుచ్చినను, భరింపరాని నగదు షరతు విధించినను, వేలూరులోని సెషన్సు న్యాయస్థానమునకు రివిజను పెట్టుకొనవచ్చును. లేదా సంహితయొక్క 528వ సెక్షను క్రింద హైకోర్టు సహజాధికారమును ఆశ్రయింపవచ్చును.

మోటారు వాహనముల చట్టము

ప్రతి పట్టివేతయు నేరవిచారణకు దారి తీయదు. రిజిస్ట్రేషను, పర్మిటు వంటి పత్రములు లేవను కారణమున అధికారి బండిని నిలిపినచో, 1988 మోటారు వాహనముల చట్టపు 207వ సెక్షను వర్తించును. అట్టి సందర్భమున యజమాని పత్రములతో రవాణా అధికారికిగాని, అందుకు అధికారము పొందిన ఇతర అధికారికిగాని దరఖాస్తు పెట్టినచో, ఆయన పత్రములను పరిశీలించి, షరతులతోనైనను విడుదల చేయవచ్చును. ప్రమాదమునకు లోనైన బండి విషయమున 136వ సెక్షను ఇంకను కచ్చితముగా నున్నది. తనిఖీ లాంఛనములు పూర్తియైన పిమ్మట బండిని ఇరువదినాలుగు గంటలలో తిరిగి అప్పగింపవలెనని అందు కలదు. ఈ గడువు సంగతి తెలిసిన యజమానులు అరుదు.

ప్రత్యేక చట్టములు: ఎవరి చేతిలో అధికారము

చిక్కంతయు ప్రత్యేక చట్టములయందే యున్నది. ఏ చట్టము క్రింద బండి పట్టుబడెనో తెలియక తప్పు ద్వారము తట్టిన యజమాని నెలలు పోగొట్టుకొనును.

చౌక దుకాణపు బియ్యము దొరికిన బండికి 1955 నిత్యావసర వస్తువుల చట్టము వర్తించును. 6-ఎ సెక్షను ప్రకారము జప్తు అధికారము కలెక్టరుది. పట్టివేత సంగతిని అకారణ జాప్యము లేకుండ కలెక్టరునకు నివేదింపవలెను. కలెక్టరు ఎదుటనున్న బండిని విడుదల చేయు అధికారము ఇతర న్యాయస్థానములకు లేదని 6-ఇ సెక్షను చెప్పుచున్నది. కావున అచ్చట మెజిస్ట్రేటు తలుపు తట్టుట వృథా ప్రయాస. అయినను యజమానికి రెండు రక్షణలు కలవు. తనకు తెలియకుండ బండి వాడబడెననియు, తానును, తన ఏజెంటును, బండి నడపువాడును తగిన జాగ్రత్తలన్నియు తీసికొంటిమనియు ఋజువు చేసినచో జప్తు చేయరాదు. బాడుగకు సరకులు మోయు బండి యైనచో, జప్తునకు బదులు జరిమానా చెల్లించు అవకాశమును తప్పక ఇయ్యవలెను. ఆ జరిమానా పట్టుబడిన సరకుయొక్క నాటి బజారు వెలను మించరాదు. పది బస్తాల బియ్యమునకు లారీ మొత్తము పోవునని భయపడు యజమాని ఈ నియమమును తెలిసికొనవలెను.

ఇసుక విషయమున 1957 గనుల, ఖనిజముల చట్టములోని 21వ సెక్షను ముఖ్యము. అనుమతిలేక ఖనిజమును తరలించు బండిని అధికారి పట్టవచ్చును. కాని ఆ చట్టము ప్రకారము జప్తు చేయవలసినది నేరమును విచారించు న్యాయస్థానమే. న్యాయస్థానము విచారణ చేపట్టవలెనన్నచో అధికారము పొందిన అధికారి వ్రాతమూలకముగా ఫిర్యాదు చేయవలెనని 22వ సెక్షను చెప్పుచున్నది. 23-ఎ సెక్షను క్రింద సొమ్ము కట్టించుకొని నేరమును రాజీపఱచు మార్గమును కలదు. బండిని పట్టిన అధికారి ఫిర్యాదు చేయక, రాజీకిని పిలువక ఊరకున్నచో యజమాని స్థితి త్రిశంకు స్వర్గమే. జాప్యమను వ్యాధి ఇచ్చట ఎక్కువగా కనబడును.

ఎఱ్ఱచందనము మొదలగు అటవీ సంపద విషయమున ఇరు రాష్ట్రముల అటవీ చట్టములు జప్తు అధికారమును అటవీ అధికారులకే ఇచ్చినవి. నేరవిచారణ వేఱు, జప్తు విచారణ వేఱనియు, ఒకటి మరియొకదానికై ఆగనక్కఱలేదనియు సుప్రీంకోర్టు 1985లో జి.వి. సుధాకరరావు కేసులో, ఆంధ్రప్రదేశ్ చట్టమును వ్యాఖ్యానించుచు, తీర్పు చెప్పెను. మాదకద్రవ్యముల చట్టము క్రింద పట్టుబడిన బండిని విచారణ ముగియువరకు విడువరాదను అభిప్రాయము చాలకాలము ప్రచారములో నుండెను. 2025 జనవరి 7వ తేదీన బిశ్వజిత్ దే కేసులో సుప్రీంకోర్టు ఆ అభిప్రాయమును నిరాకరించెను. యజమానియో అతని మనిషియో నేరములో పాల్గొనిన సందర్భమును, పరాయివాడు బండిలో ద్రవ్యమును దాచిన సందర్భమును వేఱుపఱచి చూడవలెనని చెప్పెను.

పన్ను బిల్లు లోపముతో సరకుల బండి నిలిచినచో వస్తుసేవల పన్ను చట్టపు 129వ సెక్షను వర్తించును. నిలిపిన ఏడు దినములలో నోటీసును, నోటీసు అందిన ఏడు దినములలో ఉత్తరువును ఇయ్యవలెను. సరకు యజమాని రాకున్నను, బండి యజమాని నిర్ణయింపబడిన అపరాధపు సొమ్మునో, లక్ష రూపాయలనో, ఏది తక్కువయైన దానిని చెల్లించి తన బండిని విడిపించుకొనవచ్చును.

మౌనము వహించిన అధికారియు, హైకోర్టు రిట్టును

దరఖాస్తును త్రోసివేసిన అధికారిపై అప్పీలు చేయవచ్చును. ఔననక, కాదనక మౌనము వహించిన అధికారిపై అప్పీలు ఎట్లు చేయుట? అట్టి స్థితికే రాజ్యాంగపు 226వ అధికరణము క్రింద మాండమస్ రిట్టు ఏర్పడినది. చట్టము విధించిన పనిని చేయుమని అధికారిని హైకోర్టు ఆదేశించుటయే ఈ రిట్టు. వేలూరు జిల్లా వ్యవహారములు చెన్నైలోని మద్రాసు హైకోర్టు పరిధిలోనివి. బండి సరిహద్దునకు ఆవల, చిత్తూరు జిల్లాలో పట్టుబడినచో ఆంధ్రప్రదేశ్ హైకోర్టునకు పోవలెను. బండికి ఏ రాష్ట్రపు నెంబరు ఉన్నదనుట ముఖ్యము కాదు. ఎచ్చట పట్టుబడినదనుట ముఖ్యము.

రిట్టునకు ముందు ఒక మెట్టు కలదు. యజమాని మొదట ఆ అధికారికి వ్రాతమూలకముగా విన్నపము చేసికొని, దానికి రసీదు పొందియుండవలెను. అడుగక ముందే నిరాకరించిరని చెప్పుట చెల్లదు. ఇచ్చట తెలుగువారు గుర్తుంచుకొనవలసిన విషయమొకటి యున్నది. తన కష్టమును తీర్పుమని కోరు విన్నపమును రాష్ట్రములో వాడుకలోనున్న ఏ భాషలోనైనను అధికారికి సమర్పించు హక్కును రాజ్యాంగపు 350వ అధికరణము ప్రతివానికిని ఇచ్చినది. తమిళము చదువనేరని చిత్తూరు వైపు లారీ యజమాని తనకు అర్థముకాని కాగితముపై వేలిముద్ర వేయనక్కఱలేదు. తన విన్నపమును తెలుగులో వ్రాసికొనవచ్చును. త్వరగా పని జరుగుటకు తమిళ అనువాదమును జతపఱచుట వివేకము. జిల్లా న్యాయస్థానములలో తమిళమును, హైకోర్టులో ఇంగ్లీషును వ్యవహారభాషలు గనుక, అచ్చట న్యాయవాది సాయము తప్పనిసరి.

హైకోర్టు సాధారణముగా ఇచ్చు ఉత్తరువు రెండు విధములు. మొదటిది, విన్నపమును ఇన్ని వారములలో పరిశీలించి నిర్ణయింపుమని అధికారిని ఆదేశించుట. రెండవది, షరతులపై బండిని విడువుమనియే ఆదేశించుట. మొదటి దానిని చూచి బండి వచ్చినదని భ్రమపడరాదు; అధికారి పరిశీలించి నిరాకరింపనువచ్చును. కాని మౌనము భగ్నమగును, కారణములు కాగితముపైకి వచ్చును, వానిపై తిరిగి వాదింపవచ్చును. గడువు దాటినను ఉత్తరువు పాటింపనిచో 1971 న్యాయస్థాన ధిక్కార చట్టము క్రింద ఒక సంవత్సరము లోపల దరఖాస్తు పెట్టుకొనవలెను.

పాడైన సొత్తునకు నష్టపరిహారము

బండి తిరిగి వచ్చినది, కాని ఇనుప అస్థిపంజరముగా వచ్చినది. అప్పుడేమి గతి? 1947లో జునాగఢ్ సంస్థానపు సుంకపు అధికారులు ఒక వర్తకుని రెండు ట్రక్కులను, ఒక స్టేషను వ్యాగనును పట్టిరి. ఆ ఉత్తరువుపై అప్పీలు నడచుచుండగనే అవి దిక్కులేని సొత్తుగా అమ్ముడుపోయినవి. అప్పీలులో వర్తకుడు గెలిచెను, బండ్లు లేవు. 1967లో సుప్రీంకోర్టు, మేమన్ మహమ్మద్ హాజీ హసన్ కేసులో, పట్టిన సొత్తును ప్రభుత్వము ఇల్లడ పుచ్చుకొన్నవానివలె కాపాడవలెనని తీర్పు చెప్పి, నష్టమునకు ప్రభుత్వమునే బాధ్యునిగా చేసెను. 1977లో బసవ్వ కేసులో, ఠాణానుండి మాయమైన నగల వెలను ప్రభుత్వము చెల్లింపవలెననియు, అవసరమును మించి సొత్తును పోలీసుల వద్ద నిలుపరాదనియు చెప్పెను.

వీనికన్న తెలుగువారికి సన్నిహితమైనది ఎన్. నాగేంద్రరావు కేసు. 1975లో ఆంధ్రప్రదేశ్‌లో ఒక వర్తక సంస్థయొక్క ఎరువులు, ధాన్యము నిత్యావసర వస్తువుల చట్టము క్రింద పట్టుబడినవి. ఎరువులను రైతులకు పంచిపెట్టవలెనను ఉత్తరువు ఉన్నను, బాధ్యత గల అధికారి కదలలేదు. విచారణ ముగిసి సరకు తిరిగి ఇయ్యవలెనని ఉత్తరువు వచ్చునప్పటికి అది చెడిపోయియుండెను. ప్రభుత్వపు సార్వభౌమాధికారమును అడ్డుపెట్టి బాధ్యతనుండి తప్పించుకొనుట కుదరదని సుప్రీంకోర్టు 1994లో తీర్పు చెప్పెను. సరకు పట్టుబడినది 1975లో, న్యాయము దొరకినది 1994లో. తీర్పు గొప్పదే, దానిని పొందుటకు పట్టినది పందొమ్మిది సంవత్సరములు. కాబట్టి నష్టపరిహారపు దావా చివరి మార్గమే కాని మొదటి మార్గము కాదు. ఆలస్యమును మొదటనే అడ్డుకొనుట మేలు.

రెండవ పక్షము

ప్రభుత్వ పక్షమును విస్మరించుట న్యాయము కాదు. పాలాఱు ఇసుక పోయిన కొలది బావులు ఎండును. పేదల బియ్యము దారి మళ్లినచో పేదవాని కంచమే ఖాళీయగును. నేడు విడిచిన బండి రేపు అదే పనికి పోవునను అధికారుల భయము నిరాధారము కాదు. న్యాయస్థానములు ముచ్చలికలను, షరతులను విధించుట అందువలననే. తాత్కాలిక విడుదల నిర్దోషిత్వ నిర్ణయము కాదు; నేరము ఋజువైనచో జప్తునకు దారి తెఱచియే యుండును. న్యాయస్థానములు నిందించునది కఠినత్వమును కాదు, నిర్ణయము చేయకుండుటను. దోషి బండి ఠాణాలో త్రుప్పు పట్టినను ప్రభుత్వమునకు రూపాయి రాదు. నిర్దోషి బండి త్రుప్పు పట్టినచో ఒక కుటుంబము వీధిన పడును. శీఘ్రనిర్ణయము ఉభయపక్షములకును క్షేమము.

మన సంఘములు చేయదగిన పని

సరిహద్దు ప్రాంతమున తఱచుగా కనబడు ఒక పొరపాటు కలదు. చిత్తూరు వైపు వానివద్ద బండి కొని, పేరు మార్పించుకొనక సంవత్సరముల తరబడి నడుపుదురు. బండి పట్టుబడినపుడు రిజిస్ట్రేషను పత్రములో పాత యజమాని పేరుండును. సొమ్మిచ్చినవాడు న్యాయస్థానమున పరాయివాడగును. మోటారు వాహనముల చట్టపు 50వ సెక్షను ప్రకారము అమ్మినవాడు రాష్ట్రములోపల పదునాలుగు దినములలో, రాష్ట్రము దాటినచో నలువదియైదు దినములలో తెలియజేయవలెను. కొన్నవాడు ముప్పది దినములలో తెలియజేయవలెను. ఈ చిన్న పనిని నాడు చేసియుండిన, విడుదల నాడు సగము చిక్కు ఉండదు.

న్యాయవాదికి రుసుము ఇచ్చుకొనలేనివారికి 1987 చట్టము క్రింద ఏర్పడిన న్యాయసేవా సంస్థలు జిల్లాలోను, తాలూకాలోను కలవు. స్త్రీలు, షెడ్యూల్డు కులముల, తెగలవారు ఆదాయముతో నిమిత్తము లేకుండ ఉచిత సహాయమునకు అర్హులు. తెలుగు సంఘములు ఒక నమూనా విన్నపమును తెలుగు తమిళములలో అచ్చువేయించి ఉంచుటయు, పట్టివేత నాడే మహజరు ప్రతిని, చట్టము పేరును, సెక్షను నెంబరును అడిగి వ్రాసికొనుమని లారీ యజమానులకు చెప్పుటయు పెద్ద వ్యయము లేని సేవ. ఏ చట్టమో తెలిసినచో ఏ ద్వారమో తెలియును. ఏ తేదీయో తెలిసినచో ఏ గడువో తెలియును.

బందెలదొడ్డి కాపరికి మేత పెట్టుమని 1871లో చెప్పిన శాసనము, నేడు ఠాణా ఆవరణలోని బండిని గూర్చియు అదే ధర్మమును వేఱొక విధముగా చెప్పుచున్నది: పరుల సొత్తును పట్టినవాడు దానిని కాపాడవలెను, అవసరము తీరినంతనే నిర్ణయము చేయవలెను. పశువు ఆకలిగొన్నచో అఱచును, బండి అఱవదు. దాని పక్షమున యజమాని నోరు తెఱచి, కాగితము మీద, గడువులోపల అడుగవలసి యున్నది.